గుమ్మంలో బొమ్మలు

షూటింగ్ మొదలయ్యేలోపు చెయ్యాల్సిన పనులు:

పక్కింటి తొనీకు మామని బతిమాలి పగలంతా రేడియో ఆపించాలి.
కోళ్ళని గంపల కింద మూసిపెట్టాలి. లేకపోతే అమ్మ మాట్లాడే ప్రతి మాటకీ పుంజు వంత పాడుతుంది.
ఎండు కట్టెలు తెప్పించి పెరట్లో పేర్పించాలి.
లవీనియా మాంసం ముట్టదు. ఆమెకి వేరే గిన్నెలో బెండకాయ కూర వండించాలి.
కెమెరా ఎడ్మార్ తాటిచెట్టంత మనిషి. కాళ్ళు బయటికి రాని మంచం ఎవరింట్లో ఉందో కనుక్కోవాలి.
అమ్మకి ఒప్పందం కాగితం చదివి వినిపించి సంతకం పెట్టించాలి.
కొత్త గౌను కుట్టించుకోవద్దని, రోజూ మట్టి పనికి వేసుకునే గౌనులోనే కనపడాలని అమ్మకి చెప్పాలి.
అన్నిటికన్నా ముఖ్యం, వానలు పడకముందే బొమ్మలు కాల్చే ఆవం వెలిగించేలా చూడాలి.

గౌను సంగతి నేను చెప్పేసరికే అమ్మ కుట్టించేసింది. పసుప్పచ్చ పూలది. మిగతా పనులన్నీ అయ్యాయి. నేనే చేశాను.

మా కంపెనీ బ్రెజిల్ కళాకారుల మీద డాక్యుమెంటరీలు తీస్తుంది. బెలో హొరిజొంతెలో రెండు గదుల ఆఫీసు. లవీనియా డైరెక్టరు. సావ్ పావ్లో పిల్ల, వాళ్ళ తాతల నాటి నుంచీ అందరూ చదువుకున్నవాళ్ళే. నేను ప్రొడ్యూసర్ని. పేరు ఘనంగా ఉంటుంది గానీ, ఎవరికి ఎప్పుడు ఏం కావాలో వాళ్ళకంటే ముందే కనిపెట్టి అది అక్కడ ఉండేలా చూడడమే నా పని. మా ఇంట్లో కాలేజీ గడప తొక్కిన మొదటి మనిషిని నేనే. తప్పు జరిగితే నా ఒక్కదానిది కాదు, మా ఇంటిదంతా అనుకుంటారన్న భయంతో పని చేసే అలవాటు అప్పట్నించీ ఉంది.

ఆ ఏడు ఆగస్టులో లవీనియా ఒక మట్టిబొమ్మ తెచ్చి నా బల్ల మీద పెట్టింది. గుమ్మంలో చెంపకి చెయ్యి ఆనించుకుని కూర్చున్న ఆడమనిషి బొమ్మ.

"ఈ కళ్ళు చూడు నిరా. మన తర్వాతి సినిమా ఈవిడ మీదే. అడుగున పేరు గీసి ఉంది, జుల్మీరా అని. ఊరు బార్రెరీన్యో, జెకితిన్యోన్యా లోయలో ఎక్కడో. ఎలాగైనా పట్టుకో."

"పట్టుకోనక్కర్లేదు. మా అమ్మ."

లవీనియా బొమ్మని మళ్ళీ చేతిలోకి తీసుకుంది. "ఇన్నాళ్ళూ చెప్పలేదేం?"

ఏమని చెప్పను? మా ఊళ్ళో సగంమంది ఆడవాళ్ళ మొహాలు అమ్మ మట్టిలో చేసింది. పోస్టాఫీసు ఆవిడది చేసింది, మంత్రసానిది చేసింది, పోయిన మా మేనత్తది కూడా గుర్తు తెచ్చుకుని చేసింది. మా అక్క ఇదాలీనాది ఎన్నిసార్లు చేసిందో. నాది మాత్రం ఒక్కసారి కూడా చెయ్యలేదు. అమ్మ చేతిలో ఒకసారి నా మొహం చూసుకోవాలని చిన్నప్పట్నించీ ఉండేది. ఇది ఎవరికైనా చెప్పుకునే సంగతా? చెప్పుకోలేదు.

మేం వెళ్ళేసరికి ఊళ్ళో ముసలివాళ్ళు తప్ప మగవాళ్ళు లేరు. ఏప్రిల్‌లో చెరుకు కొట్టడానికి దక్షిణానికి పోతే మళ్ళీ క్రిస్మస్‌కి రావడమే. అక్క మొగుడు జిల్వాన్ అలాగే పోయి ఒక క్రిస్మస్‌కి రాలేదు, ఆ తర్వాత ఏ క్రిస్మస్‌కీ రాలేదు. అప్పట్నించీ అక్క అమ్మ దగ్గరే ఉంటుంది. మట్టి తవ్వుతుంది, దంచుతుంది, జల్లెడ పడుతుంది.

మా జీపు ఆగగానే అక్క గడపలోకి వచ్చింది. చేతులు మోచేతుల దాకా ఎర్రమట్టి.

"వచ్చిందమ్మా ప్రొడ్యూసరమ్మగారు! ఏం తల్లీ, ఈసారి బూట్లు తుడుచుకుని లోపలికి రావాలా మేము?"

"నువ్వు ముందు చేతులు కడుక్కో."

"కడుక్కుంటే పోయే మట్టి కాదిది," అని నవ్వి లవీనియా పెట్టె అందుకుంది. నా పెట్టె నేనే తెచ్చుకున్నాను.

సాయంత్రం కాఫీలప్పుడు లవీనియా, "ఇదాలీనా, మీరు కూడా అమ్మగారి పక్కన కూర్చుంటే బాగుంటుంది," అంది.

"నా మొహం అమ్మ బొమ్మల మీద చాలినంత ఉంది. మళ్ళీ మీ కెమెరా పెట్టెలోకి కూడా ఎందుకు? నన్నొదిలేయండి." కర్రపెండలం బిస్కెట్ల పళ్ళెం ఆమె ముందుకి తోసి లేచిపోయింది. అక్క ఏదైనా వద్దంటే ఇక వద్దనే. లవీనియాకి ఆ మాట నేనే చెప్పాను.

మొదటి రోజు షూటింగ్ పెరట్లో. అమ్మ పాత గౌనులో పీట మీద కూర్చుంది. ఒక బొమ్మ మెడ అతుకుతోంది. ఎడ్మార్ కెమెరా పెట్టాడు. అమ్మ మొహం మీదికి వెలుతురు పడేలా నేను తెల్లటి అట్ట పట్టుకుని నిలబడ్డాను.

"బొమ్మలన్నీ కూర్చునే ఉంటాయేం జుల్మీరాగారూ?" అంది లవీనియా.

"నిలబెడితే చీలమండల దగ్గర విరుగుతాయి తల్లీ. ఆవంలో బరువంతా అక్కడికే దిగుతుంది. నిలబెట్టడం నాకు రాదు."

"మొట్టమొదటి బొమ్మ గుర్తుందా?"

అమ్మ చేతులు ఆగాయి. అమ్మ చేతులు ఆగడం నేనెప్పుడూ చూడలేదు.

"మా ఆయన చెరుక్కి పోయిన ఏడు. కబురు లేదు, ఉత్తరం లేదు. చంకలో పెద్దది, కడుపులో ఇదీ," అని నా వైపు చూడకుండానే గడ్డంతో చూపించింది. "పొద్దు వాలితే చాలు, గుమ్మంలో కూర్చునేదాన్ని. పొయ్యి వెలిగేది కాదు, పిల్ల ఏడ్చేది. ఒకరోజు విసుగొచ్చి మట్టి తీసుకుని నన్ను నేనే చేసి గుమ్మంలో పెట్టా. ఇదిగో, నువ్వు చూస్తూ ఉండవే, నేను పోయి వంట చేసుకుంటానని చెప్పి లోపలికి పోయా." అమ్మ నవ్వింది. "ఆ రోజు బీన్స్ బాగా ఉడికాయి."

లవీనియా కళ్ళు తుడుచుకుంది. ఎడ్మార్ వెనక నుంచి మెల్లగా, "నిరా, వెలుతురు ఊగుతోంది," అన్నాడు.

ఊగుతోంది నిజమే. అట్ట అంచుని ఛాతీకి ఆనించి పట్టుకున్నాను. నేను కడుపులో ఉన్నప్పటి సంగతి, నా ఇంటి సంగతి. నిన్నగాక మొన్న పరిచయమైన మనిషి అడిగితే, కెమెరా ఎదురుగా, నేను అట్ట పట్టుకుని నిలబడి ఉండగా మొదటిసారి విన్నాను. లవీనియా బాగా అడుగుతుంది, అది ఆమె పని. ఎంతోమంది కళాకారుల దగ్గర ఆమె అలా అడుగుతుంటే చూసి గర్వపడ్డాను. ఆ కళాకారులకీ కూతుళ్ళు ఉన్నారని, వాళ్ళూ ఏ గోడ వెనకో నిలబడి వినే ఉంటారని ఆ రోజు దాకా నాకు తట్టలేదు.

తర్వాత వారాలు వేగంగా పోయాయి. పోతున్నకొద్దీ లవీనియా మా ఇంటి పిల్లయిపోయింది. పొద్దున్నే అమ్మ గుడ్డలో వడకట్టిన కాఫీ మొదటి గిన్నె ఆమెకే. బెండకాయ కూర నేను వండిస్తానంటే అమ్మ వద్దని తనే వండింది. నాకు అక్క సంగటి పెట్టింది, నిన్నటిది. లవీనియా కూడా జుల్మీరాగారూ అనడం మానేసింది. ఒక పొద్దున పెరట్లోంచి "అమ్మా!" అన్న పిలుపు వినబడితే నేను, అక్క ఇద్దరం తలెత్తాం. మా ఇద్దరిలో ఎవరం పిలవలేదు.

"చూశావా, చెల్లెలు పుట్టింది మనకి," అంది అక్క.

ఆమె మట్టి పిసకడం నేర్చుకుంటానంది. అమ్మ నేర్పింది. లవీనియా మణికట్లు వెనక నుంచి పట్టుకుని, "భుజంతో నొక్కు, వేళ్ళతో కాదు. పిల్లి వీపు నిమురుతున్నావా?" అని వేళాకోళం చేసింది. మట్టి జారి ఆమె ఒళ్ళో పడితే అమ్మ పగలబడి నవ్వింది. 

నా చిన్నప్పుడు నేనూ ఆ మట్టి ముట్టుకోబోయాను. చేతి మీద ఒక్కటిచ్చి, "పో, కడుక్కో. పుస్తకాలకి మట్టంటుతుంది," అని తరిమేది. అక్కని తరిమేది కాదు. బడి నుంచి వచ్చి గోడవారన కూర్చుని లెక్కలు చేసుకుంటూ, వాళ్ళిద్దరి నాలుగు చేతులూ ఒకే ముద్దలో ఆడుతుంటే చూసేదాన్ని. ఇప్పుడూ అదే గోడవారన కూర్చుని మర్నాటి షెడ్యూలు రాసుకుంటున్నాను. లవీనియా గోళ్ళలో ఎర్రమట్టి కనబడినప్పుడల్లా నా కళ్ళు కుట్టేవి. ఆమె చేసిన వంకర గిన్నెను అమ్మ పారెయ్యకుండా అరుగు మీద ఆరబెట్టింది. దాని పక్క నుంచి వెళ్ళేటప్పుడు నా మోచెయ్యి తగిలి కింద పడితే బాగుణ్ణనిపించేది. తగలనివ్వలేదు. కెమెరాలో ముందురోజు ఉన్న వస్తువు మర్నాడు కూడా అక్కడే ఉండాలి, అది చూసుకోవడం నా పని.

లవీనియాకి ఒక్కటే దిగులు. ఊళ్ళో ఫోను పనిచెయ్యదు. సాయంత్రం కాగానే గుట్ట మీద చర్చి దాకా ఎక్కి, ఫోను పట్టుకుని తిరిగి, చీకటి పడకముందే దిగొచ్చేది. దిగొచ్చాక ఫోను బల్ల మీద బోర్లించి పెట్టేది. ఎవరి ఫోను కోసమో నేనడగలేదు, ఆమె చెప్పలేదు. అమ్మ మాత్రం ఆమె ఎక్కేటప్పుడూ దిగేటప్పుడూ గుమ్మంలోంచి చూసేది.

సెప్టెంబరు ఆఖర్లో బొమ్మలకి రంగుమట్టి పూసి, గింజతో రుద్ది మెరుగు పెట్టి, నీడన ఆరబెట్టారు. షూటింగ్ కోసం ఏది ఎక్కడుందో చూసుకుంటూ వరస వెంట నడిచాను. చివర్లో ఉన్న బొమ్మ దగ్గర ఆగిపోయాను.

పొట్టి జుట్టు, పొడుగు మెడ, కింది పెదవి కొంచెం లోపలికి. గుమ్మంలో కూర్చున్న లవీనియా.

అమ్మ వంటింట్లో ఉంది. వెళ్ళాను.

"అమ్మా, ఆమె మొహం చేశావే."

"అడిగింది. చేశాను."

"అడిగితే చేస్తావా?"

"బీన్స్‌లో ఉప్పు చూడు," అంది.

చూశాను. సరిపోయిందన్నాను. నిజానికి రుచి తెలియలేదు.

మా ఊళ్ళో ఆవానికి ఒక కట్టుబాటు ఉంది. నిప్పు పెట్టేముందు ఆవం ఎవరిదో ఆమె, వచ్చినవాళ్ళందరి మొహాలూ ఒకసారి చూస్తుంది. నోటితో ఏమీ అనదు. అక్కడున్న ఎవరి మీదైనా మనసులో ఏడుపు ఉన్నవాళ్ళు తమంతట తామే లేచి వెళ్ళిపోవాలి. లేకపోతే దిష్టి తగిలి బొమ్మలు పగులుతాయి. వెళ్ళేవాళ్ళని ఎందుకని అడగకూడదు, వాళ్ళూ చెప్పకూడదు. మంట చల్లారాక వచ్చి అందరితో కూర్చుని కాఫీ తాగితే అక్కడితో సరి. ఈ కట్టుబాటు సినిమాలో ఉండాలని లవీనియా ఎంతో ఆశపడింది. షెడ్యూల్లో రాసింది నేనే: పొద్దున, జుల్మీరా మొహాలు చూడడం, తర్వాత నిప్పు.

దిష్టిని నమ్ముతావా అని కాలేజీలో ఎవరైనా అడిగి ఉంటే నవ్వేదాన్ని. కానీ ఆ పొద్దున పడమట మబ్బులు కమ్ముకుంటున్నాయి. ఇక డిసెంబరు దాటేదాకా ఎండు కట్టె దొరకదు. అమ్మ ఆ సీజనంతా చేసిన పని లోపల ఉంది. సినిమా మొత్తానికి ఆయువుపట్టు ఆ మంట. పక్కింటి ఆడవాళ్ళు వచ్చారు, తొనీకు మామ రేడియో ఇంట్లో వదిలి వచ్చాడు. అక్క ఎప్పటిలాగే బట్టల మూటతో ఏటికి పోయింది. ఆవం కాల్చే రోజు ఆమె బట్టలు ఉతకడానికి పోతుంది, పొగమసి పడుతుందని. నాకు తెలిసినంతవరకూ అంతే.

ఎడ్మార్ కెమెరా తిప్పాడు. అమ్మ చేతిలో మండుతున్న కొరివి. ఒక్కొక్కరి మొహమే చూస్తూ వచ్చింది. మంత్రసాని. పోస్టాఫీసు ఆవిడ. తొనీకు మామ. లవీనియా. ఆమెని చూసి అమ్మ కళ్ళు మెత్తబడ్డాయి. ఆ తర్వాత నా వంతు.

షెడ్యూలు కాగితాలు ఎడ్మార్ పెట్టె మీద పెట్టి, ఎగిరిపోకుండా రాయి ఉంచి, నడిచాను.

"నిరా? నిరా, ఎక్కడికి? షాట్ నడుస్తోంది," లవీనియా గొంతు.

"అడక్కు," అంది అమ్మ. "ఇక్కడ అడగరు."

వెనక చిటపటలు మొదలయ్యాయి. నేను తిరిగి చూడలేదు.

ఏటి ఒడ్డున పెద్దరాయి మీద అక్క కూర్చుని చిక్కుళ్ళు ఒలుస్తోంది. బట్టల మూట పక్కనే ఉంది. విప్పలేదు. తడవలేదు.

నన్ను చూసి జరిగి చోటిచ్చింది.

"కూర్చో. రాయి వేడెక్కలేదింకా."

కూర్చున్నాను. నాకూ గుప్పెడు కాయలు ఒళ్ళో పోసింది. చాలాసేపు ఒలిచాం.

"బట్టలు ఉతకలేదేం?" అన్నాను.

"ఎప్పుడూ ఉతకను. ఊరికే తెచ్చుకుంటా."

"ఎప్పుడూ?"

"నువ్వు ఇంట్లో ఉన్నప్పుడు కాల్చే ఆవానికి. నువ్వు లేనప్పుడు నేనే కట్టెలు వేస్తా, అమ్మనడుగు." కాయ చిదిమి గింజలు రాల్చింది. "అడక్కులే. అడగకూడదుగా."

ఏటి నీళ్ళు సన్నగా పారుతున్నాయి. సెలవులకి నేను ఇంటికి వచ్చిన ప్రతిసారీ అమ్మ ఆవం పెట్టేది, నేను వచ్చానని. ప్రతిసారీ మంట ఎదురుగా పీట వేసుకుని కూర్చున్నాను, ఆ ఇంటిదాన్నని.

"నా మీదా అక్కా? నా దగ్గరేముందని?"

"పిచ్చిదానా. మట్టి ముట్టుకుంటే నీ చేతి మీద కొట్టేది. నన్నెప్పుడైనా కొట్టిందా?" నవ్వు లేదు ఆమె మొహంలో. "నా మొహం అమ్మ ఎన్నిసార్లు చేసిందో చూశావుగా. అన్నీ గుమ్మంలోనే. జిల్వాన్‌ని నేను చేసుకోకముందు చేసినవి కూడా గుమ్మంలోనే. అప్పుడే తెలుసు అమ్మకి, నేను ఎక్కడ కూర్చుంటానో. నిన్ను ఒక్కసారన్నా కూర్చోబెట్టిందా?"

ఇన్నేళ్ళూ దేనికోసం కడుపు మండించుకున్నానో, దాన్నే ఆమె అటువైపు నుంచి చూస్తోంది.

"నీ సంగతేంటి? సావ్ పావ్లో పిల్ల మీదేనా?"

"ఊఁ."

"నాకూ కొంచెం ఉందిలే. ఆ బెండకాయ కూర ఒకటీ!" అప్పుడు నవ్వింది. "ఇంకా ఉందా?"

"ఉంది."

"నాకూ ఉంది. ఒలువు."

పొగ మా వైపు తిరిగింది. మొదట తెల్లగా, తర్వాత నల్లగా, మధ్యాహ్నానికి మళ్ళీ తేలిగ్గా వచ్చింది. మంట సరిగ్గా పట్టిందని అక్క పొగ చూసి చెప్పింది. ఆమె లేకుండానే పట్టిందని నేను అనలేదు.

మర్నాడు ఆవం తెరిచారు. ఒక్క బొమ్మా పగల్లేదు. గుమ్మంలో కూర్చున్న లవీనియా నిగనిగలాడుతూ బయటికి వచ్చింది. లవీనియా దాన్ని గుండెకి హత్తుకుంది. నాకు మళ్ళీ కళ్ళు కుట్టాయి. అక్క నా చెవి దగ్గర, "మనిద్దరం అంతసేపు అక్కడ కూర్చున్నాం. ఇంకెలా పగులుతాయి? పుణ్యం మనది," అంది.

సామాను జీపులో ఎక్కిస్తుంటే అమ్మ గుమ్మంలో నిలబడి ఉంది. అందరూ పెరట్లో ఉన్నారు. నేను వెళ్ళి ఎదురుగా నిలబడ్డాను.

"అమ్మా, నాదీ చెయ్యవూ? అడుగుతున్నాను."

అమ్మ నా మొహం వైపు చూసింది. ఆవం దగ్గర చూసినట్టే చూసింది.

"ఆ పిల్ల రోజూ గుట్టెక్కి ఎవరి ఫోను కోసమో చూస్తుంది. గుమ్మంలో కాక ఇంకెక్కడ కూర్చోబెట్టను?" అంది. తర్వాత నా చొక్కా గుండీ సరిచేసింది. "నీకయితే నిలబడ్డ బొమ్మ చెయ్యాలి. చెప్పాగా, నిలబెట్టడం నాకు రాదని."

గుండీ మీదున్న ఆమె చెయ్యి పట్టుకున్నాను.

"ఎన్నిసార్లు చేసి చూశానో," అంది, "ఎప్పుడూ చీలమండల దగ్గరే విరిగేది. పో, నీకోసం జీపు ఆగి ఉంది."

సినిమా పూర్తయ్యాక మళ్ళీ మార్చిలో చర్చి గోడ మీద తెర కట్టి ఊరికి చూపించాం. అమ్మ పసుప్పచ్చ పూల గౌను అప్పుడు వేసుకుంది. మంట సీను వచ్చేసరికి అందరూ చప్పట్లు కొట్టారు. అక్క నా పక్కనే కూర్చుని చూసింది. లవీనియా ఆ సీను ముక్క కూడా కొయ్యలేదు, అమ్మ చూపు, నేను కాగితాల మీద రాయి పెట్టడం, వెళ్ళిపోవడం, అన్నీ ఉన్నాయి. బహుమతులు వచ్చిన చోటల్లా జనం అడిగేది దాని గురించే. వెళ్ళిపోయిన ఆ అమ్మాయి ఎవరు, ఎందుకు వెళ్ళిపోయింది అని. మా ఊళ్ళో అడగరు అంటుంది లవీనియా. మా ఊళ్ళో అంటుంది. ఇప్పటికీ చివుక్కుమంటుంది నాకు.

ఆ సినిమా మీకెప్పుడైనా కనబడితే, నా గురించి ఆలోచించకండి. నేను తెర మీద ఉన్నాను, ఆఖర్లో నా పేరు కూడా పడుతుంది. నిప్పు అంటుకున్నాక పొగ ఎడమవైపు తిరుగుతుంది చూడండి. అది వెళ్ళే దారిలో ఏటి ఒడ్డున, తడవని బట్టల మూట పక్కన పెట్టుకుని, మా అక్క ఇదాలీనా రాతి మీద కూర్చుని ఉంది. ఆ బొమ్మల్లోని ప్రతి ముద్దనీ దంచింది ఆమె. నా చదువు మీద ఏడుపు అమ్మ పనికి తగలకూడదని, ఎవరూ అడక్కుండానే లేచి వెళ్ళింది. కెమెరా అటు తిరగలేదు. మీరు ఒక్కసారి అటు తిరిగి, ఆమెని గుర్తుపెట్టుకోండి.